‘హర గ నిగరు’ అంటే చేదు అని కాదు చెల్లీ

ప్రశ్న: అక్కా, మాది మచిలీపట్నం దగ్గర పల్లెటూరు. నర్సింగ్ చదివి, జపనీస్ నేర్చుకుని, పరీక్షలు రాసి ఏడు నెలల కిందట హిరోషిమా వైపు ఒక వృద్ధుల సంరక్షణ కేంద్రంలో చేరాను. మాటలు బాగానే వస్తున్నాయి అనుకున్నాను కానీ కడుపు సంగతి వచ్చేసరికి అంతా తికమకగా ఉంది. పోయిన వారం 90 ఏళ్ళు దాటిన బామ్మగారొకరు పొట్ట పట్టుకుని ‘హర గ నిగరు’ అన్నారు. ‘నిగయి’ అంటే చేదు కదా, మందు చేదుగా ఉందేమో అనుకుని మంచినీళ్ళు ఇచ్చి వచ్చేశాను. సాయంత్రం దాకా ఆవిడ నొప్పితోనే ఉన్నారు. నర్సు నన్నేమీ అనలేదు, నాకే రాత్రంతా నిద్ర పట్టలేదు. ఇంకోటి, ఇక్కడికి వచ్చాక నాకు గ్యాస్ బాగా ఎక్కువైంది. డాక్టర్ దగ్గరికి వెళ్ళి ‘గసు’ అని చెబితే పొట్ట ఉబ్బరానికి మందు ఇచ్చారు, నాకున్నది గుండెల్లో మంట. మూడోది, ఆకలేస్తోంది అనడానికి ‘హర హెత్త’ అంటే మా సీనియర్ మేడమ్ అదోలా చూశారు. ఈ కడుపు మాటలన్నీ ఎవరైనా కూర్చోబెట్టి చెబితే బాగుండు.

సమాధానం:

చెల్లీ, అక్కా అని పిలిచావు కాబట్టి నేనూ నువ్వు అనే రాస్తాను. ముందు ఆ నిద్ర పట్టని రాత్రి సంగతి తేల్చేద్దాం. ‘నిగరు’ నువ్వు చదివిన పుస్తకాల్లో ఉండే మాట కాదు. అది హిరోషిమాలో, ఆ చుట్టుపక్కల పెద్దవాళ్ళ నోట వినిపించే యాస. కడుపులో సన్నగా, వదలకుండా నొప్పి ఉంటే ‘హర గ నిగరు’ అంటారు. టోక్యోలో పుట్టి పెరిగిన జపాన్ అమ్మాయిని తెచ్చి ఆ బామ్మగారి పక్కన నిలబెట్టినా ఆ పిల్ల కూడా చేదు గురించే ఆలోచించేదేమో. అందుకని భాష రాలేదని బాధపడకు. కానీ నీ ఉత్తరంలో నువ్వే రాశావు చూడు, ఆవిడ పొట్ట పట్టుకుని అన్నారు అని. ఆ చెయ్యి ఎక్కడుందో చూసి, అర్థం కాని ఆ మాటని అలాగే తీసుకెళ్ళి నర్సు చెవిన వేసి ఉంటే సరిపోయేది. నేను చెప్పబోయేదంతా దాదాపు ఇదే: కడుపు మాటలని మన మనసులో అనువాదం చేసి మోసుకెళ్ళకూడదు, విన్నది విన్నట్టు అందించాలి, మన సొంత బాధ చెప్పేటప్పుడు మాత్రం మన పెద్ద మాటని ముక్కలు చేసి చెప్పాలి.

జపాన్‌లో నొప్పిని శబ్దంతో చెబుతారు. ఇది మనకి కొత్తేమీ కాదు. మనమూ కడుపులో గుడగుడ అంటాం, ఆకలితో నకనకలాడుతోంది అంటాం, చురుక్కుమంది అంటాం. కాకపోతే మనం డాక్టర్ ముందు కూర్చోగానే ఆ మాటలు చిన్నపిల్లల మాటల్లా ఉన్నాయని సిగ్గుపడి ‘పెయిన్’ అంటాం. అక్కడ అలా కాదు, డాక్టరే తిరిగి అడుగుతారు, కిరికిరినా షికుషికునా అని. రెండూ కడుపు నొప్పే, కానీ వేరు వేరు. ‘కిరికిరి’ అంటే బరమాతో తిప్పుతున్నట్టు, సూదిగా, ఉండలేనట్టు వచ్చే నొప్పి. తెలంగాణలో కిరికిరి అంటే గొడవ, తలనొప్పి వ్యవహారం కదా, ఆ గుర్తుతో పెట్టుకో, ఇక మర్చిపోవు. ఆఫీసులో ఒత్తిడి ఎక్కువైన వాళ్ళు కూడా ‘ఇ గ కిరికిరి సురు’ అంటారు. ఇక్కడ ‘ఇ’ అంటే జీర్ణాశయం, ఒక్క అక్షరం మాట. ‘షికుషికు’ అంటే గట్టిగా ఉండదు, పోనూ పోదు, లోపల ఏదో మూలుగుతున్నట్టు ఉంటుంది. నీ బామ్మగారి ‘నిగరు’కి దగ్గరగా ఉండే మాట ఇదే. వెక్కి వెక్కి సన్నగా ఏడవడాన్ని కూడా షికుషికు అనే అంటారు, అందుకని ఎవరైనా ‘ఒనక గ షికుషికు సురు’ అంటే ఏడుస్తున్నారనుకోకు, కడుపు ఏడుస్తోంది అనుకో.

‘గొరొగొరొ’ మన గుడగుడే. ఉరుము శబ్దం కూడా జపనీస్‌లో గొరొగొరొనే. ఉరుములు వస్తే ఉరుముల దేవుడు బొడ్డు ఎత్తుకుపోతాడు, పొట్ట దాచుకోండి అని పిల్లల్ని భయపెట్టడం అక్కడ పాత అలవాటు. పొట్టకి చలి తగలకూడదన్న పట్టింపు పెద్దవాళ్ళకి బాగా ఉంటుంది. ‘హరమకి’ అని పొట్టకి చుట్టుకునే అల్లిక పట్టీ ఉంటుంది, మీ దగ్గర తాతగార్లలో ఎవరో ఒకరు కట్టుకునే ఉంటారు. స్నానం తర్వాత బట్టలు మార్చేటప్పుడు అది మళ్ళీ వెయ్యడం మర్చిపోతే ‘ఒనక గ హియెరు’, అంటే పొట్ట చల్లబడిపోతోంది అని చెబుతారు. అది విని దుప్పటి సర్ది ఊరుకోకు, ఆ పట్టీ వెతికి వెయ్యి. వాళ్ళకి అది సగం మందు.

‘ముకముక’ అంటే వికారం, కడుపులో తిప్పడం. ఇదే మాట కోపం వచ్చినా వాడతారు, ఏ సందర్భంలో అన్నారో చూసుకోవాలి. ‘చికుచికు’ సూదులతో గుచ్చినట్టు. ‘జుకిజుకి’ మన సలుపు, అది ఎక్కువగా తలకీ పంటికీ దెబ్బలకీ వస్తుంది, కడుపుకి పెద్దగా వాడరు. ‘పన్‌పన్’ అంటే డప్పులా బిగుసుకుపోయిన పొట్ట. ‘పీపీ’ అంటే నీళ్ళ విరేచనాలు, కానీ అది ఇంట్లో మాట, రికార్డులో రాసేది కాదు.

రికార్డు అన్నాను కాబట్టి ఇది చెప్పి ముందుకి వెళ్తాను, నీ ఉద్యోగానికి అన్నిటికన్నా పనికొచ్చేది ఇదే. కైగొ కిరొకులో, అంటే మీరు రాసే సంరక్షణ రికార్డులో, ఆ మనిషి అన్న మాటని అన్నట్టుగానే కొటేషన్ గుర్తుల మధ్య పెట్టి రాయాలని మీకు ట్రైనింగులో చెప్పే ఉంటారు. అది ఊరికే ఒక పద్ధతి కోసం పెట్టింది కాదు. నువ్వు ‘కడుపు నొప్పి అన్నారు’ అని రాస్తే నర్సుకి ఒక ముక్కే అందుతుంది. ‘హర గ నిగరు’ అన్నారు, చెయ్యి బొడ్డు కింద పెట్టుకున్నారు, భోజనం అయిన గంటకి అన్నారు అని రాస్తే మూడు ముక్కలు అందుతాయి. అర్థం తెలియకపోయినా సరే, హిరగాన లిపిలో చెవికి వినిపించినట్టు రాసెయ్యి. డ్యూటీ మారేటప్పుడు జరిగే మోషియొకురిలో కూడా అంతే, ‘ఈ మాట అన్నారు, నాకు అర్థం కాలేదు’ అని చెప్పడానికి మొహమాటపడకు. అక్కడున్న హిరోషిమా ఆడవాళ్ళు ఒక్క క్షణంలో చెప్పేస్తారు.

చెయ్యి ఎక్కడుందో చెప్పడానికి కూడా మాటలు కావాలి. రొమ్ము ఎముక కింద గుంట ఉంటుంది చూడు, పక్కటెముకలు విడిపోయే చోట, దాన్ని ‘మిజోచి’ అంటారు. తాగిన నీళ్ళు పడే చోటు అన్న అర్థంలోంచి వచ్చింది, వినగానే నాకు భలే నచ్చిన మాట. బొడ్డు ‘హెసొ’, పొత్తికడుపు ‘షితబర’, పక్క డొక్క ‘వకిబర’. ఈ నాలుగూ వస్తే చాలు. మాట దొరకని రోజు నీ వేలితో నీ పొట్ట మీదే చూపించి ‘కొకొ’ అను, ఇక్కడ అని. దానికి ఏ యాసా అడ్డు రాదు.

ఇక ‘హర హెత్త’. హర అన్నా కడుపే, ఒనక అన్నా కడుపే. కానీ హర మొరటు మాట, మగవాళ్ళు స్నేహితుల మధ్య అనుకునేది. ‘హెత్త’ అంటే తగ్గింది, కడుపులో సరుకు తగ్గిపోయింది అన్నట్టు. ఒనక కథ వేరు. వందల ఏళ్ళ కిందట రాజాంతఃపురంలో పనిచేసే స్త్రీలు తమలో తాము వాడుకున్న మర్యాద మాటల్లోంచి వచ్చింది. ‘నక’ అంటే లోపల, మధ్య. దానికి ముందు గౌరవంగా ‘ఒ’ తగిలించారు. ఒంట్లో ఉన్న భాగాన్ని నేరుగా పేరు పెట్టి పిలవడం ఎబ్బెట్టుగా తోచి ‘ఆ నడుమ ఉన్నది’ అన్నారన్నమాట. ఆ అంతఃపురం మాట ఇప్పుడు దేశం మొత్తానికి మామూలు మాట అయిపోయింది. మీ మేడమ్ అదోలా చూసింది తప్పు మాట అన్నావని కాదు, పెద్దవాళ్ళ మధ్య డ్యూటీలో ఉన్న అమ్మాయి నోట ఆ మాట వినేసరికి ఒక్క క్షణం ఆగి ఉంటుంది, అంతే. ‘ఒనక గ సుకిమషిత’ అను. స్నేహితురాలితో అయితే ‘ఒనక సుయిత’, బాగా కాలిపోతుంటే ‘ఒనక పెకొపెకొ’. ఈ పెకొపెకొ అచ్చం మన నకనక. మనం ఆత్మారాముడు గోల పెడుతున్నాడు, కడుపులో ఎలుకలు పరిగెడుతున్నాయి అంటాం కదా, వాళ్ళకి కడుపులో ఉండేది పురుగు: ‘హర నొ ముషి గ నకు’, కడుపులో పురుగు కూస్తోంది అంటారు.

ఆ పురుగు దగ్గర ఒక జాగ్రత్త. ఎవరైనా తాతగారు ‘హర నొ ముషి గ ఒసమరనయి’ అంటే కడుపులో నులిపురుగులున్నాయని రాసెయ్యకు. ఆయన కోపం చల్లారలేదని అర్థం. ‘హర గ తత్సు’ అన్నా కోపమే. మనకి కడుపుమంట ఎలా ఒంటి బాధ కాకుండా మనసు బాధ అవుతుందో, మాటని కడుపులో పెట్టుకోవడం ఎలా ఉందో, వాళ్ళకీ హర అంటే మనసులోని అసలు మాట దాగి ఉండే చోటు. కడుపు నల్లనిది అంటే కుట్ర మనిషి, కడుపు లావు అంటే ధారాళంగా ఇచ్చే మనిషి, కడుపు కోసి మాట్లాడుకుందాం అంటే మనసు విప్పి మాట్లాడుకుందాం. అలాగే ‘మునె గ ఇప్పయి దె తబెరరెనయి’ అనే మాట వింటావు, గుండె నిండిపోయింది, తినలేను అని. ఎక్కువగా కొడుకో కూతురో వచ్చి వెళ్ళిన రోజు సాయంత్రం. అది అజీర్తి కాదు. ఆ పూట పక్కన ఐదు నిమిషాలు కూర్చుని, కావాలంటే కంచం కాస్త ఆలస్యంగా పెట్టు.

ఇంకో ఆకలి మాట ఉంది, దాన్ని వేరుగా చెప్పాలనిపిస్తోంది. ‘హిమొజీ’. ఇదీ పాత అంతఃపుర స్త్రీల మాటే, ఇప్పటి పిల్లలు వాడరు. మీ దగ్గరున్న 90 ఏళ్ళ వాళ్ళు 1945లో పది పన్నెండేళ్ళ పిల్లలు. యుద్ధం చివర్లో, ఆ తర్వాత కొన్నేళ్ళు, బియ్యం దొరక్క చిలగడదుంపలు, వాటి తీగలు, ‘సుయితొన్’ అని పిండి ముద్దలు వేసి కాచిన పలచటి పులుసు తాగి పెరిగినవాళ్ళు. పైగా నువ్వున్నది హిరోషిమాలో. ఆ ఆకలిని వాళ్ళు పెకొపెకొ అనరు, ‘హిమొజీ ఒమొయి ఒ షిత’ అంటారు, ఆకలి బాధ పడ్డాం అని. ఎవరైనా కంచంలో అన్నం మెతుకు వదలకుండా చాప్‌స్టిక్స్‌తో ఏరుకుని తింటుంటే, కడుపు నిండినా వదలడానికి ఒప్పుకోకపోతే, దాని వెనక ఈ మాట ఉండొచ్చు. నువ్వు తవ్వి అడగకు. వాళ్ళే చెబితే పని ఆపి విను. నేనొక ఆసుపత్రిలో మనవాళ్ళకి మాటసాయంగా వెళ్ళినప్పుడు పక్క బెడ్ మీద పెద్దావిడ చెప్పింది, ఆకలి వేసినప్పుడల్లా అమ్మ చెరువు నీళ్ళు మరగబెట్టి ఉప్పు వేసి ఇచ్చేదట, వేడిగా ఉంటే పొట్ట మోసపోతుందని. చెబుతూ ఆవిడ అరచెయ్యి పొట్ట మీద గుండ్రంగా తిప్పుతూనే ఉంది. మా అమ్మమ్మ కరువు రోజుల గంజి గురించి చెప్పేటప్పుడు అచ్చం అలాగే తిప్పేది.

సరే, ఇప్పుడు నీ గ్యాస్.

తెలుగులో గ్యాస్ అన్న ఒక్క మాటలో మనం ఇల్లంతా పెట్టేశాం. గుండెల్లో మంట గ్యాసే, పులితేన్పులు గ్యాసే, పొట్ట ఉబ్బితే గ్యాసే, తిన్నది అరక్కపోయినా గ్యాసే, చివరికి వీపులో పట్టేసినా గ్యాస్ పట్టింది అంటాం. మన ఊళ్ళో డాక్టర్‌కి అది అర్థమవుతుంది, ఆయన ఇంకో నాలుగు ప్రశ్నలు వేసి తేల్చుకుంటారు. జపనీస్‌లో గసు అంటే వంటగ్యాస్ లేదా పేగుల్లో చేరిన గాలి, అంతే. నువ్వు గసు అన్నావు, ఆ డాక్టర్ విన్నదానికి సరైన మందే ఇచ్చారు. కాబట్టి మన గ్యాస్‌ని ముక్కలు చెయ్యాలి. గుండెల్లో మంట ‘మునెయకె’, మునె అంటే ఛాతీ, యకె అంటే కాలడం, నీకు కావలసిన మాట ఇదే. పుల్లటి నీళ్ళు గొంతులోకి వస్తుంటే ‘సుప్పయి మొనొ గ అగత్తె కురు’ అను, పుల్లనిది పైకి వస్తోంది అని. తేన్పు ‘గెప్పు’. ఉబ్బరం ‘ఒనక గ హరు’. నూనె వస్తువులు తిన్నాక పొట్టలో రాయి పెట్టినట్టు బరువుగా, అరగనట్టు ఉంటే ‘ఇమొతరె’. వికారం ‘హకికె’. వికారానికి ఇంట్లో ‘కిమొచి వరుయి’ అంటారు కానీ దానికి అసహ్యంగా ఉంది అన్న అర్థం కూడా ఉంది, ఎవరో వడ్డించిన భోజనం ముందు కూర్చుని ఆ మాట అంటే ఇబ్బంది. ‘కిబున్ గ వరుయి’ అంటే సరిపోతుంది.

క్లినిక్‌లో ముందుగా ఇచ్చే మొన్షిన్‌హ్యో కాగితంలో ఎప్పటి నుంచి, ఎక్కడ, ఎలా అని అడుగుతారు. లోపలికి వెళ్ళాక తడబడతావని భయముంటే దాన్నే నింపాదిగా నింపు: రెండు నెలల నుంచి మునెయకె, రాత్రి పడుకుంటే ఎక్కువ, కారం తిన్న రోజు ఎక్కువ, పుల్లనిది పైకి వస్తోంది. ఇలా రాస్తే చాలు. ఎక్కువ రోజులు ఉంటే డాక్టర్ ‘ఇ కమెర’ చేయిద్దామంటారు, అంటే ఎండోస్కోపీ. భయపడకు, అక్కడ అది చాలా మామూలు పరీక్ష, కడుపు లోపల ఫొటో తీసే కెమెరా 1950లో తయారైంది ఆ దేశంలోనే.

అక్కడ డాక్టర్ తప్పకుండా అడిగే ప్రశ్న ఒకటుంది, నాకు చాలా ఏళ్ళ కిందట మా అమ్మని తీసుకెళ్ళినప్పుడు తగిలింది. ‘ఒత్సూజి వ అరిమసు క?’ నాకు విరేచనానికి ‘బెన్’ తెలుసు, మలబద్ధకానికి ‘బెన్పి’ తెలుసు, నీళ్ళ విరేచనాలకి ‘గెరి’ తెలుసు, ఈ ఒత్సూజి ఎవరూ చెప్పలేదు. అమ్మ నా మొహం చూస్తోంది, డాక్టర్ నా మొహం చూస్తున్నారు. చివరికి ఆయన కాగితం మీద రాసి చూపించారు. ఒత్సూజి అంటే రాకపోకలు సాగుతున్నాయా అన్నట్టు, మనం మోషన్ ఫ్రీగా అవుతోందా అని అడుగుతామే, అదే. మీ సెంటర్‌లో పెద్దవాళ్ళని నువ్వూ ఇదే మాటతో అడుగు, బెన్ అని మొహం మీద అడగడం కంటే వాళ్ళకి ఎంతో హాయిగా ఉంటుంది. కాస్త లూజ్‌గా అవుతుంటే ‘ఒనక గ యురుయి’ అంటారు. యురుయి అంటే కూడా వదులే, మన మాటే అనుకో. కడుపు పాడైతే ‘ఒనక ఒ కొవసు’, కడుపు విరగ్గొట్టుకున్నాను అని. పిల్లల దగ్గర పొట్టని ‘పొన్‌పొన్’ అంటారు, వినడానికి ముద్దుగా ఉంటుంది కానీ పెద్దవాళ్ళతో అలా మాట్లాడకు. ఒళ్ళు స్వాధీనంలో లేని మనిషికి మర్యాద మాటలోనైనా మిగలాలి, ఈ విషయంలో నాకు చాలా పట్టుదల.

మందుల దగ్గర ఒక మెలిక. కవరు మీద ‘షొకుజెన్’ అంటే తినే ముందు, ‘షొకుగొ’ అంటే తిన్నాక. ‘షొక్కన్’ అని ఉంటే ఆ అక్షరాలు చూసి తింటూ మధ్యలో వేసుకోవాలనుకుంటారు, జపాన్ వాళ్ళలో కూడా అలా పొరబడేవాళ్ళున్నారు. రెండు భోజనాల మధ్య, అంటే తిన్న సుమారు రెండు గంటల తర్వాత, ఖాళీ కడుపుతో అని దాని అర్థం. దుకాణంలో దొరికే కడుపు మందుని ‘ఇగుసురి’ అంటారు. 1879 నుంచి అమ్ముతున్న ఓత ఇసన్ అని ఒక పొడి ఉంది, డబ్బా మూత తీస్తే మన వంటింటి పోపులపెట్టె గుర్తొస్తుంది, ఎందుకంటే అందులో దాల్చినచెక్క, సోంపు, జాజికాయ, లవంగం ఉంటాయి. తిన్నది అరగనప్పుడు నాకు బాగా పనిచేస్తుంది. కానీ అందులో వంటసోడా కూడా ఉంటుంది, బీపీ ఉన్నవాళ్ళు, కిడ్నీ సమస్య ఉన్నవాళ్ళు ఫార్మసిస్టుని అడక్కుండా వేసుకోకూడదు. నీకు రెండు నెలలుగా మంట ఉంటే పొడులతో నెట్టుకురాకు, మళ్ళీ డాక్టర్ దగ్గరికే వెళ్ళి మునెయకె అని చెప్పు. ఇది నీ ఒంటికి మాత్రమే, కేంద్రంలో ఎవరికీ నీ చేత్తో నీ పర్సులోంచి ఏ మందూ ఇవ్వకు, ఎంత బతిమాలినా సరే.

చలికాలం వస్తోంది కాబట్టి ఇంకో మాట. హిరోషిమా అంటే ఆల్చిప్పలకి, అదే ‘కకి’కి, జపాన్‌లో మొదటి స్థానం. ఎవరైనా ‘కకి ని అతత్త’ అంటే కకి తిని కడుపు చెడిందని. అతరు అంటే తగలడం, లాటరీ తగిలినా ఇదే మాట. చలికాలంలో నోరో వైరస్ వస్తే వృద్ధుల కేంద్రంలో ఒకరి నుంచి ఒకరికి చాలా తొందరగా పాకుతుంది. ఎవరైనా ‘మొదొషిత’ అన్నా ‘హయిత’ అన్నా వాంతి చేసుకున్నారని అర్థం. అది ఉత్త చేతులతో తుడిచెయ్యకు. ముందు నర్సుని పిలువు, చేతి తొడుగులు, మాస్కు వేసుకో, మీ దగ్గర చెప్పిన క్లోరిన్ ద్రావణంతోనే శుభ్రం చెయ్యి. చేతులకి రాసుకునే ఆల్కహాల్ ఆ వైరస్ మీద పెద్దగా పని చేయదు, సబ్బుతో కడుక్కోవాలి.

వెంటనే పరిగెత్తాల్సిన మాటలు కొన్ని ఉన్నాయి, ఇవి మాత్రం అర్థం వెతుక్కుంటూ నిలబడకు. ‘త్సుమత్త’ అంటే గొంతుకి అడ్డం పడింది. కొత్త సంవత్సరం రోజుల్లో ‘మొచి’, ఆ జిగురు బియ్యపు ముద్ద, తిని ప్రాణం మీదకి తెచ్చుకునే పెద్దవాళ్ళు ఏటా ఉంటారు. మనిషి మాట్లాడలేక గొంతు పట్టుకుంటే ఆ మాట కూడా రాదు, కంటితో చూసి తెలుసుకోవాల్సిందే. మునెయకె అంటూనే చెమట పడుతున్నా, దవడకో భుజానికో నొప్పి పాకుతోందన్నా అది కడుపు కాకపోవచ్చు, గుండె కావచ్చు. మలం తారులా నల్లగా ఉన్నా, రక్తం కనిపించినా, పొట్ట చెక్కలా గట్టిపడినా నర్సుకి అప్పటికప్పుడే చెప్పాలి. నీకే ఇంట్లో ఒంటరిగా ఉన్నప్పుడు ఇలాంటిది వస్తే 119కి ఫోన్ చెయ్యి, అంబులెన్స్‌కి అదే నంబర్. ‘క్యూక్యూ దెసు’ అని, అడ్రస్ చెప్పు, మిగతాది వాళ్ళు అడుగుతారు.

భోజనం రికార్డులో పదింట ఎన్ని వంతులు తిన్నారో రాస్తారు కదా, అన్నం ‘హచి వరి’, కూరలు ‘గొ వరి’ అని. ఆ అంకె పక్కన ఒక్క మాట కూడా రాయడం అలవాటు చేసుకో. ‘హర హచిబు’ అని పాత పద్ధతి ఉంది, పదింట ఎనిమిది వంతులే తిని లేవాలి, డాక్టర్‌తో పనుండదు అని. కొందరు పెద్దవాళ్ళు దాన్ని నిష్ఠగా పాటిస్తూ కావాలనే రెండు వంతులు వదులుతారు. ఇంకొందరు ఇమొతరెతో వదులుతారు. అంకె ఒకటే, కారణాలు వేరు. అడిగితేనే తెలుస్తుంది.

రేపు డ్యూటీకి వెళ్ళాక ఆ బామ్మగారి కుర్చీ పక్కన, నీ కళ్ళు ఆవిడ కళ్ళకి సమానంగా వచ్చేలా వంగి కూర్చుని ఇలా అడుగు: ‘కొనైద వ, ఒనక గ నిగరు తొ ఒష్షత్తె ఇమషిత నె. క్యో వ ఇకగ దెసు క?’ మొన్న కడుపు నిగరుతోంది అన్నారు కదా, ఇవాళ ఎలా ఉంది అని. తన ఊరి మాట నీ నోట విని ఆవిడ ఏమంటారో నాకు రాయి, ఆ యాసలో కొత్త మాటలు దొరికితే అవి కూడా.